పాము కాటు: ప్రాణం నిలబెట్టే ఇరవై నిమిషాల గాజు గొట్టం పరీక్ష

తొలకరి జల్లు పడగానే రైతుకు పని మొదలవుతుంది. పాముకీ అప్పుడే పని మొదలవుతుంది. బొరియల్లోకి నీళ్లు చేరతాయి. ఎలుకలు గట్ల మీదికి, ధాన్యం కొట్లలోకి వస్తాయి. వాటి వెనకే పాము కూడా వస్తుంది. వరి కోతలప్పుడు, వేరుశనగ పీకేటప్పుడు, గడ్డివాము దూసేటప్పుడు, రాత్రిపూట మోటారు వేయడానికి పోయేటప్పుడు కాట్లు ఎక్కువ. 2018 వర్షాకాలంలో కృష్ణా జిల్లా దివిసీమలో పాము కాట్లు ఒక్కసారిగా పెరిగి, అవనిగడ్డ ఆస్పత్రికి బాధితులు వరుసగా రావటం చాలామందికి గుర్తుండే ఉంటుంది.

మన దేశంలో 2000 నుంచి 2019 వరకు ఇరవై ఏళ్లలో పాము కాటుతో సుమారు 12 లక్షల మంది చనిపోయారని 2020లో వెలువడిన అధ్యయనం లెక్కగట్టింది. అంటే సగటున ఏడాదికి 58 వేల మంది. ఎక్కువ మరణాలు సంభవించిన రాష్ట్రాల్లో ఆంధ్రప్రదేశ్, తెలంగాణ ప్రాంతం కూడా ఉంది. చనిపోయినవారిలో అత్యధికులు పల్లెల వారే. సగం మరణాలు జూన్ నుంచి సెప్టెంబరు లోపే జరిగాయి.

విరుగుడు మందు ఉన్న రోజుల్లోనూ ఇంతమంది పోవటానికి రెండు కారణాలు ముఖ్యం. ఒకటి, ఆస్పత్రికి ఆలస్యంగా చేరటం. రెండు, చేరాక విషం ఎక్కిందా లేదా అన్నది సమయానికి తేల్చలేకపోవటం. ఈ రెండో చిక్కును విప్పడానికి పెద్ద యంత్రాలేమీ అక్కర్లేదు. శుభ్రమైన, పొడిగా ఉన్న ఒక గాజు గొట్టం, ఒక సిరంజి, ఒక గడియారం ఉంటే చాలు. దీన్నే డాక్టర్లు 'ఇరవై నిమిషాల రక్తం గడ్డకట్టే పరీక్ష' అంటారు. దీని గురించి రైతు కుటుంబాలకు తెలిసి ఉండటం అవసరం. ఎందుకంటే ఆ మంచం పక్కన కూర్చునేది మనమే.

రక్తపింజర విషం ఏం చేస్తుంది?

మన పొలాల్లో ప్రాణం తీసే పాములు ముఖ్యంగా నాలుగు: నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్నపింజర. మొదటి రెండింటి విషం నరాల మీద పనిచేస్తుంది. తర్వాతి రెండు పింజర్ల విషం రక్తం మీద పనిచేస్తుంది. ఈ పరీక్ష పింజర్ల కోసమే.

రక్తపింజరకూ తెలుగు నేలకూ పాత సంబంధం ఉంది. ఈస్టిండియా కంపెనీ కాలంలో పాట్రిక్ రస్సెల్ అనే వైద్యుడు విశాఖపట్నంలో ఉండి కోరమాండల్ తీరంలోని పాములను సేకరించి, 1796లో వాటి మీద పెద్ద గ్రంథం అచ్చు వేయించాడు. అందులో ఈ పాముకు మనవాళ్లు చెప్పిన పేరునే 'కాటుక రేకుల పొడ' అని రాసుకున్నాడు. ఇంగ్లీషు వాళ్లు ఇవాళ దాన్ని రస్సెల్స్ వైపర్ అని పిలిచేది ఆయన పేరు మీదే.

పింజర కరిస్తే రక్తం నీళ్లయిపోతుందని ఊళ్లో పెద్దలు అంటారు. ఆ మాటలో నిజం ఉంది. కానీ అది ఎలా జరుగుతుందో తెలుసుకుంటే పరీక్ష సంగతి సులువుగా అర్థమవుతుంది. చెరువు కట్టకు గండి పడితే పూడ్చడానికి ఇసుక బస్తాలు నింపి పెట్టుకుంటాం గదా. మన రక్తంలోనూ అలాంటి సరుకు ఒకటి ఉంటుంది. దాని పేరు ఫైబ్రినోజెన్. మామూలు మనిషికి ప్రతి 100 మిల్లీలీటర్ల ప్లాస్మాలో, అంటే రక్తంలోని కణాలు పోగా మిగిలే నీటి భాగంలో, అది 200 నుంచి 400 మిల్లీగ్రాముల దాకా ఉంటుంది. ఎక్కడైనా గాయం అయితే ఈ ఫైబ్రినోజెన్ దారాలుగా మారి, వలలా అల్లుకుని గండిని పూడుస్తుంది. అదే గడ్డ.

పింజర విషం చేసే పని ఏమిటంటే, గండి లేని చోట కూడా బస్తాలన్నీ దింపించటం. ఒళ్లంతా ఆ వల అల్లుకునే పని ఒక్కసారిగా మొదలవుతుంది. అల్లిన దారాలు వెంటనే తెగిపోతూ ఉంటాయి. కొద్ది గంటల్లోనే సరుకు అడుగంటుతుంది. తర్వాత చిగురులోనో, కడుపులోనో, మెదడులోనో నిజంగా చిన్న గండి పడితే పూడ్చడానికి ఏమీ మిగలదు. అప్పుడు నెత్తురు ఆగకుండా కారుతుంది. రక్తపింజర విషం దీనికి తోడు మూత్రపిండాలను కూడా దెబ్బతీస్తుంది. బతికినవాళ్లలో కొందరు డయాలసిస్ దాకా పోవటానికి కారణం అదే.

పరీక్ష ఎలా చేస్తారు?

నరం నుంచి సుమారు 2 మిల్లీలీటర్ల రక్తం తీస్తారు. కొత్తది గానీ, శుభ్రంగా పొడిగా ఉన్నది గానీ అయిన గాజు గొట్టంలో పోస్తారు. టైము రాసుకుంటారు. రోగి మంచం పక్కనే, కదలని చోట నిటారుగా నిలబెట్టి, గది వేడిమిలోనే 20 నిమిషాలు వదిలేస్తారు. తాకకూడదు, ఊపకూడదు, మధ్యలో వంచి చూడకూడదు. సరిగ్గా 20 నిమిషాలకు ఒక్కసారి వంచి చూస్తారు.

గొట్టం వంచినా రక్తం జారకుండా పెరుగులా పేరుకుని ఉంటే గడ్డకట్టినట్టు. నీళ్లలా కారిపోతే గడ్డకట్టలేదన్న మాట. మన ప్రాంతంలో పాము కరిచిన మనిషి రక్తం ఇలా గడ్డకట్టలేదంటే కరిచింది పింజర అని, విషం ఒంట్లోకి ఎక్కిందని తేలినట్టే. నాగుపాము, కట్లపాము విషానికి రక్తం ఇలా కాదు. పామును చంపి సంచిలో వేసుకుని ఆస్పత్రికి మోసుకుపోవలసిన పని ఇక లేదు. పాము కోసం పొదలు కొట్టి రెండో మనిషి కూడా కాటు తిన్న సంఘటనలు ఉన్నాయి.

గాజు గొట్టమే ఎందుకు?

ఇక్కడే అసలు కిటుకు ఉంది. రక్తం గాజును తాకగానే, గడ్డకట్టే గొలుసులో మొదటి లంకె కదులుతుంది. పాలకు తోడు వేసినట్టన్న మాట. ప్లాస్టిక్‌కు ఆ గుణం లేదు. ప్లాస్టిక్ గొట్టంలో పోస్తే ఆరోగ్యవంతుడి రక్తం కూడా ఆలస్యంగా గడ్డకట్టవచ్చు. సబ్బు పొడితో కడిగిన గాజు గొట్టం కూడా పనికిరాదు. సబ్బు పొర గాజును కప్పేస్తుంది. అప్పుడు విషం ఎక్కనివాడికి కూడా ఎక్కినట్టు చూపిస్తుంది. అనవసరంగా మందు పడుతుంది.

ఇవాళ ఆస్పత్రుల్లో అన్నీ ప్లాస్టిక్ సామాన్లే. మామూలు గాజు గొట్టం దొరకటమే కష్టమైపోయింది. అనుమానం వస్తే ఒక చిన్న ఉపాయం ఉంది. బాగున్న మనిషి, అంటే వెంట వచ్చిన బంధువు రక్తం కూడా అలాంటి గొట్టంలోనే పక్కన పెట్టి చూడటం. అది గడ్డకట్టి, రోగిది గడ్డకట్టకపోతే ఇక సందేహం లేదు. రెండూ గడ్డకట్టకపోతే తప్పు గొట్టానిదే.

ఈ పరీక్షకు పెద్ద చరిత్రే ఉంది. గాజు గొట్టంలో రక్తం గడ్డకట్టే సమయాన్ని కొలిచే పద్ధతిని 1913లో అమెరికాలో లీ, వైట్ అనే ఇద్దరు వైద్యులు ప్రకటించారు. 1977లో ఇంగ్లండు వైద్యుడు డేవిడ్ వారెల్, ఆయన తోటివారు నైజీరియాలో చిన్నపింజర జాతి పాము కాట్ల మీద చేసిన పనితో మంచం పక్కన చేసే ఈ సులువైన పరీక్ష విలువ లోకానికి తెలిసింది. 1994లో బ్రెజిల్‌లో అక్కడి పింజర జాతి కాట్లలోనూ ఇది నమ్మదగినదేనని తేల్చారు. మన దేశంలో పాము కాటు వైద్యానికి ఉన్న జాతీయ మార్గదర్శకాల్లో కూడా దీనికి ముఖ్య స్థానం ఉంది.

ఒక్కసారి చేస్తే చాలదు

చాలామంది పొరపాటు పడేది ఇక్కడే. కాటు పడిన అరగంటకే ఆస్పత్రికి చేరారనుకుందాం. పరీక్ష చేస్తే రక్తం గడ్డకట్టింది. 'హమ్మయ్య, విషం లేదు' అని ఇంటికి తీసుకుపోతారు. రాత్రికి చిగుళ్ల నుంచి నెత్తురు మొదలవుతుంది. మొదట్లో విషం ఇంకా పూర్తిగా రక్తంలోకి చేరి ఉండకపోవచ్చు. బస్తాలు అడుగంటడానికి సమయం పడుతుంది గదా.

అందుకే మన దేశపు వైద్య మార్గదర్శకాల ప్రకారం మొదటిసారి గడ్డకట్టినా, మొదటి 3 గంటలు గంటకోసారి, తర్వాత 24 గంటల దాకా 6 గంటలకోసారి పరీక్ష చేస్తూ ఉండాలి. కనీసం ఒక రోజు ఆస్పత్రిలో కనిపెట్టి ఉండటం తప్పనిసరి.

గడ్డకట్టకపోతే విరుగుడు మందు మొదలుపెడతారు. మొదటి మోతాదు సాధారణంగా 8 నుంచి 10 సీసాలు. సెలైనులో కలిపి సుమారు గంటసేపట్లో నరానికి ఎక్కిస్తారు. చిన్నపిల్లలకైనా అంతే మోతాదు. పిల్లవాడు చిన్నవాడని పాము విషం తగ్గించి వదలదు గదా. మందు అయ్యాక 6 గంటలకు మళ్లీ పరీక్ష చేస్తారు. ఆ 6 గంటలు ఎందుకంటే, మందు విషాన్ని కట్టేసినా అడుగంటిన సరుకును కాలేయం మళ్లీ తయారు చేసుకోవాలి. దానికి ఆ మాత్రం సమయం పడుతుంది. అప్పటికీ గడ్డకట్టకపోతే ఒంట్లో విషం ఇంకా ఉన్నట్టు లెక్క. మళ్లీ మందు వేస్తారు.

అందరికీ ముందే మందు వేసేయొచ్చు గదా అని కొందరు అడుగుతారు. ఆ మందు గుర్రాల రక్తం నుంచి తయారవుతుంది. కొందరికి దద్దుర్లు, చలిజ్వరం, ఆయాసం, బి.పి. పడిపోవటం వంటివి రావచ్చు. కరిచిన పాములన్నీ విషపు పాములు కావు. విషపు పాము కరిచినా ప్రతిసారీ విషం ఎక్కదు. అందుకే ఎవరికి అవసరమో తేల్చుకుని వేయాలి. అవసరమైనవాళ్లకు మాత్రం నిమిషం ఆలస్యం చేయకూడదు. ఈ రెంటికీ మధ్య దారి చూపేదే గాజు గొట్టం.

పరీక్షను గుడ్డిగా నమ్మకూడదు

ఏ పనిముట్టుకైనా హద్దు ఉంటుంది. శ్రీలంకలో రక్తపింజర కాట్ల మీద 2013లో వెలువడిన ఒక పరిశీలనలో, రక్తం నిజంగా చెడినవారిలో సగం మందిని కూడా ఈ పరీక్ష పట్టుకోలేకపోయిందని తేలింది. అదే దేశం నుంచి 2017లో వచ్చిన మరో పరిశీలనలో, సరైన గాజు గొట్టం వాడి పద్ధతి ప్రకారం చేస్తే నూటికి 82 మందిని పట్టుకుంది. తేడా అంతా చేసే పద్ధతిలోనే ఉంది. కాబట్టి ఈ పరీక్షను రోగిని చూస్తున్న డాక్టరో, నర్సో మంచం దగ్గరే స్వయంగా చేయాలి. ఎక్కడో మూల గదికి పంపి మరిచిపోతే లాభం లేదు.

రెండో హద్దు ఇంకా ముఖ్యం. నాగుపాము, కట్లపాము కరిస్తే రక్తం చక్కగా గడ్డకడుతుంది. కానీ మనిషి ఊపిరాడక పోతాడు. నేల మీద పడుకున్నవాళ్లను కట్లపాము రాత్రిపూట కరుస్తుంది. నొప్పి, వాపు పెద్దగా ఉండవు. తెల్లవారేసరికి కడుపునొప్పి, కనురెప్పలు వాలిపోవటం, మాట ముద్దగా రావటం, మింగలేకపోవటం కనిపిస్తాయి. అలాంటప్పుడు గాజు గొట్టం ఏం చెప్పినా లెక్క చేయకుండా వెంటనే వైద్యం మొదలుపెట్టాలి. దక్షిణ భారతంలో రక్తపింజర కాటులో కూడా ఒక్కోసారి రెప్పలు వాలటం కనిపిస్తుంది.

అలాగే నెత్తురు కారుతూ ఉన్నా, వాపు గబగబా పైకి పాకుతున్నా 20 నిమిషాలు ఆగి చూడవలసిన అవసరం లేదు. ఆ గుర్తులే సాక్ష్యం.

ఆస్పత్రికి చేరేలోపు

· మనిషిని పడుకోబెట్టి ధైర్యం చెప్పండి. కరిచిన కాలు గానీ చెయ్యి గానీ కదలకుండా బద్ద వేసి గుడ్డతో వదులుగా కట్టండి. నడిపించకండి.
· ఉంగరాలు, మట్టెలు, గాజులు, మొలతాడు తీసేయండి. వాపు వచ్చాక తీయలేరు.
· తాడుతో బిగించి కట్టకండి. బ్లేడుతో కోయకండి. నోటితో పీల్చకండి. పసర్లు పూయకండి. రక్తం గడ్డకట్టని మనిషికి కోత పెడితే అది ఆగదు.
· కరిచిన టైము గుర్తుపెట్టుకోండి. డాక్టరు అడిగే మొదటి ప్రశ్న అదే.
· 108కి ఫోన్ చేయండి. అది ఆలస్యమయ్యేలా ఉంటే మోటారు సైకిలు మీద మధ్యలో కూర్చోబెట్టి, వెనక ఒకరు పట్టుకుని తీసుకుపోండి.
· మంత్రం మీద నమ్మకం ఉన్నవాళ్లు ఆస్పత్రి నుంచి వచ్చాక వేయించుకోవచ్చు. ముందు మాత్రం వద్దు.

కాన్పులోనూ ఇదే గొట్టం

ఈ పరీక్ష పాము కాటుకే పరిమితం కాదు. కాన్పు తర్వాత నెత్తురు ఆగకుండా పోతున్న తల్లికి కూడా మంచం పక్కనే చేస్తారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్పిన పద్ధతి ఇది: 2 మిల్లీలీటర్ల రక్తాన్ని చిన్న గాజు గొట్టంలో పోసి, పిడికిట్లో పట్టుకుని వెచ్చగా ఉంచుతారు. 4 నిమిషాలకు మెల్లగా వంచి చూస్తారు. తర్వాత నిమిషానికోసారి చూస్తారు. 7 నిమిషాలకు కూడా గడ్డకట్టకపోయినా, కట్టిన గడ్డ మెత్తగా ఉండి ఇట్టే విడిపోయినా రక్తంలో గడ్డకట్టే సరుకు తగ్గిందని అర్థం. పాము కాటుకు 20 నిమిషాలు కదపకూడదు, కాన్పు పరీక్షలో వంచి చూస్తూ ఉండాలి. ఈ తేడా గమనించాలి.

పట్టణాల్లో గుండె ఆపరేషన్లు చేసేచోట కూడా ఇదే సూత్రం యంత్రంలో పనిచేస్తుంది. గుండె ఆపి యంత్రం మీద రక్తం తిప్పేటప్పుడు గొట్టాల్లో గడ్డకట్టకుండా హెపారిన్ అనే మందు ఇస్తారు. అది సరిపోయిందా లేదా అని ఆపరేషన్ బల్ల పక్కనే నిమిషాల్లో చూసుకుంటారు. ఈ పద్ధతిని 1966లో హ్యాటర్స్‌లీ అనే వైద్యుడు ప్రకటించాడు.

సందేహాలు - జవాబులు

రక్తం గడ్డకట్టే పరీక్ష మేమే ఇంట్లో చేసుకోవచ్చా?
వద్దు. ఆ 20 నిమిషాలు దారిలో గడిస్తే ఆస్పత్రికి అంత దగ్గరవుతారు.

వేలికి సూది గుచ్చి చేసే పరీక్ష చేశారు, బాగానే ఉందన్నారు. సరిపోతుందా?
పాము కాటుకు దాన్ని నమ్ముకోకూడదు. నరం నుంచి తీసిన రక్తంతో గాజు గొట్టంలో 20 నిమిషాల పరీక్షే చేయించాలి.

మా ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో పెద్దాసుపత్రికి పొమ్మంటారు. ఏం చేయాలి?
విషం ఎక్కిన గుర్తులుంటే మొదటి మోతాదు అక్కడే మొదలుపెట్టి ఆ తర్వాత పంపాలన్నదే పద్ధతి. పరీక్ష ఎన్ని గంటలకు చేశారు, ఫలితం ఏమిటి, మందు ఎన్ని సీసాలు వేశారు అన్నది కాగితం మీద రాయించుకుని వెంట తీసుకుపోండి. పెద్దాసుపత్రిలో లెక్క మళ్లీ మొదటికి రాకుండా ఉంటుంది.

డాక్టరు గారు మూత్రం కొలవమన్నారు, ఎందుకు?
రక్తపింజర కాటులో మూత్రపిండాలు దెబ్బతినేది మొదట అక్కడే కనిపిస్తుంది. మూత్రం తగ్గినా, ఎర్రగా, టీ డికాషన్ రంగులో వచ్చినా వెంటనే చెప్పండి. ఇంటికి వచ్చాక కూడా కొన్ని రోజులు గమనిస్తూ ఉండాలి.

గేదెను పాము కరిస్తే?
పశువుల డాక్టర్లు కూడా గాజు గొట్టంలో రక్తం గడ్డకట్టటం చూసి నిర్ణయిస్తారు. ముట్టె గానీ కాళ్లు గానీ వాచి, నెత్తురు చుక్కలు కారుతుంటే ఆలస్యం చేయక కబురు పంపండి.

రైతులు అడగవలసిన ప్రశ్న

పాము కాటు మరణాలను 2030 నాటికి సగానికి తగ్గించాలని కేంద్ర ప్రభుత్వం 2024 మార్చిలో జాతీయ కార్యాచరణ ప్రణాళిక ప్రకటించింది. ప్రణాళిక ఢిల్లీలో ఉన్నా, గాజు గొట్టం ఉండవలసింది మన మండలం ఆస్పత్రిలో. వానలు పడకముందే విత్తనం, ఎరువు చూసుకున్నట్టు, ఈ సంగతీ చూసుకోవాలి. గ్రామసభలోనో, ఆస్పత్రి అభివృద్ధి కమిటీ సమావేశంలోనో మూడు ప్రశ్నలు అడగండి. విరుగుడు మందు ఎన్ని సీసాలు ఉన్నాయి? కొత్త గాజు గొట్టాలు ఉన్నాయా? రాత్రిపూట పరీక్ష చేసేవాళ్లు ఎవరు?

మందు కొనడానికి పై నుంచి నిధులు రావాలి. గాజు గొట్టాలకు అంత ఖర్చు లేదు. ఊరి రైతులు తలా కొంచెం వేసుకున్నా ఒక డబ్బా వస్తుంది. పొలం పోయేటప్పుడు చేతికర్ర, టార్చిలైటు, కాళ్లకు బూట్లు ఉంటే చాలా కాట్లు తప్పుతాయి. తప్పని కాటుకు మాత్రం ఆస్పత్రిలో ఆ గొట్టం, ఆ మందు, కదలకుండా నిలబెట్టి చూసే ఒక మనిషి సిద్ధంగా ఉండాలి.